సుత్తి విసిరిన డాక్టరు గారు

తెలుగువాళ్ళ దగ్గర సుత్తి అనే మాట ఎత్తితే ముందు నవ్వొస్తుంది. 1982లో జంధ్యాల గారి ‘నాలుగు స్తంభాలాట’ వచ్చిన దగ్గర్నుంచీ ఆ మాటకి కమ్మరి కొలిమితో బంధుత్వం తెగిపోయింది. వీరభద్రరావు గారికీ, వేలు గారికీ అది ఇంటిపేరైపోయింది. ఊపిరాడనివ్వకుండా మాట్లాడేవాణ్ణి చూసి సుత్తి కొడుతున్నాడంటాం. ఈ వ్యాసం కూడా సుత్తి గురించే. కాకపోతే ఈ సుత్తి బరువు 16 పౌన్లు, అంటే 7.26 కిలోలు. దీన్ని కొట్టరు, విసురుతారు. అలా విసిరి ఒక చిన్న దేశం జెండాని ఒలింపిక్ స్తంభం మీద ఎగరేసిన ఒక డాక్టరు గారి కథ ఇది. కాస్త ఓపిక పడితే సుత్తి అనిపించదని నా ఆశ!

ముందు మన ఊరి సంగతి. ఫరీజ్ బిన్ మహమూద్‌లో ఉండే మనవాళ్ళు బిన్ మహమూద్ స్టేషన్‌లో గోల్డ్ లైన్ మెట్రో ఎక్కి స్పోర్ట్ సిటీలో దిగితే ఖలీఫా స్టేడియం పక్కనే. 2006 ఆసియా క్రీడల్లో అథ్లెటిక్స్ జరిగింది అక్కడే. 2019లో ప్రపంచ అథ్లెటిక్స్ పోటీలు జరిగిందీ అక్కడే. ఆ ఏడు పోలండుకి చెందిన పావెల్ ఫైదెక్ సుత్తిని 80.50 మీటర్ల దూరం విసిరి వరుసగా నాలుగోసారి ప్రపంచ విజేత అయ్యాడు. ఖతార్ తరపున ఈ ఆటలో పేరు తెచ్చుకున్నవాడు అష్రఫ్ అమ్‌గద్ అల్ సైఫీ. 2012లోనూ, 2014లోనూ ప్రపంచ జూనియర్ విజేత. పుట్టింది ఈజిప్టులో, విసిరింది ఖతార్ కోసం.

పుట్టింది ఒక చోట, చెమటోడ్చింది ఇంకో చోట. ఇది మనకి తెలియని సంగతి కాదు. మనందరి బతుకూ అదే. మరి గెలిచినప్పుడు ఎవరి జెండా ఎగరాలి? ఈ ప్రశ్న సుత్తి విసురు ఆటకి కొత్తదేం కాదు. వంద సంవత్సరాల పైబడి దాని వెంటే నడుస్తోంది. ఆ ప్రశ్నకి తన జీవితంతోనే జవాబు చెప్పినవాడు ఐర్లండుకి చెందిన డాక్టర్ పాట్ ఓకాలహన్.

అసలీ ఆట ఏమిటి?

పేరు సుత్తే గాని చూడ్డానికి సుత్తిలా ఉండదు. ఒక ఇనుప గుండు, దానికి ఉక్కు తీగ, తీగ చివర పట్టుకోవడానికి పిడి. 7 అడుగుల వ్యాసం ఉన్న వలయంలో నిలబడి, ముందు తలచుట్టూ గుండుని తిప్పి, తరువాత తనూ బొంగరంలా మూడు నాలుగు చుట్లు తిరిగి వదిలిపెట్టాలి. వలయం దాటి కాలు బయట పెడితే ఆ విసురు చెల్లదు. వదిలే క్షణం రెప్పపాటు అటూ ఇటూ అయితే గుండు పక్కకి పోతుంది. అందుకే ఇప్పుడు చుట్టూ వల కడతారు. కండబలం ఒక్కటే ఉంటే చాలదు. పాదాల లయ కావాలి, ఒళ్ళు తూకంలో ఉండాలి. బలవంతుడూ, నాట్యగాడూ ఒకే మనిషిలో ఉండాలన్నమాట.

ఐర్లండు పురాణగాథల్లో కూహులిన్ అనే వీరుడున్నాడు. అతను రథచక్రాన్ని ఇరుసుతో సహా పట్టుకుని గిరగిరా తిప్పి విసిరేవాడట. సుత్తి విసురుకి అదే మూలమని అక్కడివాళ్ళు మురిపెంగా చెప్పుకుంటారు. పద్మవ్యూహంలో ఆయుధాలన్నీ పోయాక రథచక్రాన్ని ఎత్తిపట్టిన అభిమన్యుణ్ణి ఎరిగిన మనకి ఆ కథ పరాయిదిగా అనిపించదు.

అన్నట్టు, బి.ఆర్. చోప్రా ‘మహాభారత్’ సీరియల్లో గద పట్టిన భీముడు గుర్తున్నాడు కదా? ఆ ప్రవీణ్ కుమార్ సోబ్తీ కూడా సుత్తి విసిరినవాడే. 1966 బ్యాంకాక్ ఆసియా క్రీడల్లో డిస్కస్‌లో స్వర్ణం, సుత్తి విసురులో కాంస్యం తెచ్చాడు. అదే ఏడు కింగ్‌స్టన్‌లో జరిగిన కామన్వెల్త్ క్రీడల్లో సుత్తి విసురులో రజతం గెలిచాడు.

ముందు తరం: వలస వెళ్ళిన తిమింగలాలు

పాట్ ఓకాలహన్ గొప్పతనం తెలియాలంటే ఆయనకి ముందు ఏం జరిగిందో తెలియాలి. 1900లో పారిస్‌లో, 1904లో సెయింట్ లూయిస్‌లో, 1908లో లండన్‌లో, మూడు ఒలింపిక్స్‌లోనూ సుత్తి విసురులో స్వర్ణం గెలిచినవాడు ఒక్కడే, జాన్ ఫ్లానగన్. 1912లో స్టాక్‌హోమ్‌లో మ్యాట్ మెగ్రాత్, 1920లో యాంట్‌వెర్ప్‌లో పాట్ రయన్. 1916లో యుద్ధం వల్ల క్రీడలు జరగలేదు. అంటే జరిగిన అయిదు ఒలింపిక్స్‌లోనూ స్వర్ణం అమెరికాకే వెళ్ళింది. గెలిచిన ముగ్గురూ మాత్రం ఐర్లండు పల్లెల్లో పుట్టినవాళ్ళు! ఫ్లానగన్, రయన్‌లది లిమరిక్ కౌంటీ. మెగ్రాత్‌ది పక్కనున్న టిప్పరరీ.

బతుకుతెరువు కోసం ఓడెక్కి న్యూయార్క్ చేరిన మనుషులు వీళ్ళు. ఫ్లానగన్, మెగ్రాత్ న్యూయార్క్ పోలీసుశాఖలో పనిచేశారు. భారీ శరీరాలు, దానికి తగ్గ తిండి. అందుకే పత్రికలవాళ్ళు వీళ్ళందర్నీ కలిపి ఐరిష్ తిమింగలాలని ముద్దుపేరు పెట్టారు. 1913లో పాట్ రయన్ 57.77 మీటర్లు విసిరి ప్రపంచ రికార్డు పెట్టాడు. ఆ సంఖ్యని గుర్తుపెట్టుకోండి, మళ్ళీ వస్తుంది.

వీళ్ళు ఐర్లండు తరపున ఎందుకు ఆడలేదంటే, ఆడటానికి అప్పటికి ఆ పేరుతో దేశమే లేదు. ఐర్లండు అప్పుడు బ్రిటన్‌లో భాగం. అక్కడే ఉండిపోయి ఒలింపిక్స్‌కి వెళ్తే బ్రిటిష్ జెండా కింద నిలబడాలి. వలసపోతే అమెరికా జెండా కింద. సొంత జెండా అనేది కలలోని మాట. 1922లో ఐర్లండు స్వతంత్ర రాజ్యంగా ఏర్పడింది గాని, ఉత్తరాన ఉన్న ఆరు కౌంటీలు బ్రిటన్‌లోనే మిగిలిపోయాయి. ఆ గీత కూడా మన కథలోకి మళ్ళీ వస్తుంది.

రైతు బిడ్డ, ఇరవై ఏళ్ళకే డాక్టరు

పాట్ ఓకాలహన్ 1906 జనవరి 28న కార్క్ కౌంటీలో కాంటర్క్ దగ్గర పల్లెలో పుట్టాడు. వ్యవసాయ కుటుంబం. అన్నదమ్ములందరికీ ఆటల పిచ్చి. చదువులో మాత్రం పాట్ చురుకు. మ్యాలో పట్టణంలోని పాట్రిషియన్ అకాడమీకి రోజూ ఇంటి నుంచి సైకిల్ తొక్కుకుంటూ వెళ్ళి చదువుకున్నాడు. తరువాత డబ్లిన్‌లో రాయల్ కాలేజ్ ఆఫ్ సర్జన్స్‌లో వైద్యం చదివి 1926లో పట్టా పుచ్చుకునేసరికి వయసు 20 ఏళ్ళు.

ఇక్కడొక చిక్కొచ్చింది. అంత చిన్న వయసులో ఐర్లండులో ప్రాక్టీసు పెట్టడానికి వీల్లేదు. దాంతో బ్రిటన్ వెళ్ళి రాయల్ ఎయిర్‌ఫోర్స్ వైద్య విభాగంలో చేరాడు. మెడిసిన్ చదివి ఇంగ్లండు దారి పట్టిన మన డాక్టర్లకి ఈ దారి పరిచయమైనదే. తేడా ఏమిటంటే ఈయన వెనక్కి వచ్చేశాడు. 1928లో టిప్పరరీ కౌంటీలోని క్లాన్‌మెల్ పట్టణంలో స్థిరపడ్డాడు. అక్కడి మానసిక వైద్యశాలలో ఉద్యోగం, ఆ పైన సొంత ప్రాక్టీసు.

సుత్తి విసురు ఆయనకి అబ్బింది విద్యార్థి దశ చివర్లో. సెలవుల్లో ఇంటికి వచ్చినప్పుడు సాధనకి సుత్తి లేకపోతే ఒక ఇనుప గుండు సంపాదించి, దానికి కార్ఖానాలో రంధ్రం వేయించి, తీగ బిగించి సొంతంగా తయారు చేసుకున్నాడని చెబుతారు. పొలమే మైదానం. 1927లో మొదటిసారి ఐర్లండు జాతీయ విజేత అయ్యాడు. అమెరికా నుంచి తిరిగొచ్చి సొంత ఊళ్ళో స్థిరపడిన జాన్ ఫ్లానగన్ ఆయనకి మెళకువలు నేర్పాడు. వలసపోయిన తరం మూటగట్టుకొచ్చిన విద్య ఇంటిపట్టున ఉన్న తరానికి అలా అందింది.

ఆమ్‌స్టర్‌డామ్, 1928

1928 ఒలింపిక్స్‌కి ఐర్లండు నుంచి పాట్‌తో పాటు అన్న కాన్ కూడా డెకాథ్లాన్‌లో పోటీ పడటానికి వెళ్ళాడు. పాట్ మీద ఎవరికీ పెద్దగా ఆశల్లేవు. వయసు 22, అంతర్జాతీయ అనుభవం దాదాపు సున్న. స్వీడన్‌కి చెందిన ఓసియన్ షోల్డ్ ముందున్నాడు. జూలై 30న జరిగిన పోటీలో అయిదో విసురుకి పాట్ గుండు 51.39 మీటర్ల దగ్గర పడింది. షోల్డ్ దూరం 51.29. తేడా పది సెంటీమీటర్లు, అంటే జానెడుకి సగం!

ఆ జానెడులో సగంతో చరిత్ర మారింది. ఐర్లండు పతాకం కింద వచ్చిన మొట్టమొదటి ఒలింపిక్ స్వర్ణం అదే. ఆరేళ్ళ వయసున్న దేశం జెండా ఎగిరింది, గీతం మోగింది. తను గెలిచినందుకు కన్నా తన దేశానికంటూ ఒక జెండా ఉందనీ, ఒక గీతం ఉందనీ లోకానికి తెలిసినందుకే ఎక్కువ సంతోషమని ఆయన తరువాత చెప్పుకున్నాడు.

ఇక్కడ ఒక్క క్షణం ఆగి మన సంగతి తలుచుకోవాలి. అదే ఆమ్‌స్టర్‌డామ్‌లో, అదే 1928లో, ధ్యాన్‌చంద్ ఆడిన భారత హాకీ జట్టు మన మొదటి స్వర్ణం గెలిచింది. గెలిచింది మనవాళ్ళే, జెండా మాత్రం మనది కాదు. మన మువ్వన్నెల జెండా ఒలింపిక్ హాకీ స్వర్ణానికి ఎగరడానికి ఇంకో ఇరవై ఏళ్ళు పట్టింది. 1948లో లండన్‌లో బ్రిటన్‌నే 4-0 తేడాతో ఓడించినప్పుడు ఎగిరింది. ఆ రోజు మన పెద్దవాళ్ళకి ఏమనిపించిందో తెలిస్తే ఆమ్‌స్టర్‌డామ్‌లో ఐరిష్ వాళ్ళకి ఏమనిపించిందో వేరే చెప్పక్కర్లేదు.

లాస్ ఏంజిలిస్: ఆకురాయి మహిమ

నాలుగేళ్ళ తరువాత ఒలింపిక్స్ లాస్ ఏంజిలిస్‌లో జరిగాయి. ఓడలో అట్లాంటిక్ దాటి, రైల్లో అమెరికా ఖండమంతా ఈ చివర నుంచి ఆ చివరకి వెళ్ళాలి. వారాల తరబడి ప్రయాణం. ఐర్లండు పంపింది మొత్తం 8 మందిని, నలుగురు అథ్లెట్లు, నలుగురు బాక్సర్లు. జెండా మోసింది పాట్.

1932 ఆగస్టు 1 మధ్యాహ్నం. పాట్‌కి మొదట్లోనే ఇబ్బంది ఎదురైంది. ఇంటి దగ్గర మెత్తటి నేల మీద తిరగడానికి పొడుగు మేకులున్న బూట్లు అలవాటు. ఇక్కడ వలయం నేల గట్టిది. మేకులు నేలలోకి దిగక, కాలు సాఫీగా తిరగక విసురు కుదరలేదు. ఫిన్లండుకి చెందిన విల్లే పోర్హోలా 52.27 మీటర్లతో ముందుకెళ్ళిపోయాడు. ఇంతటివాడూ చిన్న మేకు దగ్గర ఓడిపోయేటట్టున్నాడు.

అదే సమయానికి అదే మైదానంలో ఐర్లండుకే చెందిన బాబ్ టిస్‌డల్ 400 మీటర్ల హర్డిల్స్ పరుగెత్తి గెలిచాడు. ఈ టిస్‌డల్ పుట్టింది ఎక్కడనుకున్నారు? మన పొరుగున సింహళంలో, నువరేలియాలో. స్వర్ణం గెలిచిన మనిషి ఊరేగకుండా పాట్ దగ్గరికి వచ్చాడు. ఇద్దరూ కూర్చుని ఆకురాయి పట్టుకుని బూట్ల మేకుల్ని అరగదీశారు. ఇక మిగిలిన చివరి విసురుకి పాట్ గుండు 53.92 మీటర్ల దూరంలో పడింది. గంట వ్యవధిలో ఎనిమిదిమంది జట్టుకి రెండు స్వర్ణాలు!

టిస్‌డల్ విషయంలో ఒక వింత ఉంది. ఆయన 51.7 సెకన్లలో పరుగు ముగించాడు. అది అప్పటి ప్రపంచ రికార్డు కన్నా మెరుగు. కాని చివరి హర్డిల్ కాలికి తగిలి పడిపోవడంతో అప్పటి నిబంధనల ప్రకారం రికార్డు దక్కలేదు. 51.9 సెకన్లతో రెండోస్థానంలో వచ్చిన గ్లెన్ హార్డిన్ పేర రికార్డు రాసుకున్నారు. సత్తా ఒకరిది, పుస్తకంలో పేరు ఇంకొకరిది. కొన్నేళ్ళు తిరిగేసరికి పాట్ విషయంలోనూ అలాంటిదే జరిగింది.

గీతకి అవతలా ఇవతలా

1936 బెర్లిన్ ఒలింపిక్స్ నాటికి పాట్‌కి 30 ఏళ్ళు. సుత్తి విసిరేవాళ్ళకి అది ముదిరిన వయసేమీ కాదు, పండిన వయసు. మూడో స్వర్ణం చేతికందేంత దూరంలో ఉంది. కాని ఆయన బెర్లిన్‌లో పోటీ చెయ్యలేదు. కారణం గాయం కాదు, భూపటం మీద గీత.

ఐర్లండు అథ్లెటిక్ సంఘం 1922లో ఏర్పడినప్పటి నుంచీ 32 కౌంటీలకీ తనే ప్రతినిధినని చెప్పుకుంటూ వచ్చింది. అందులో ఆరు బ్రిటన్ పాలనలో ఉన్నా సరే. 1934లో అంతర్జాతీయ సమాఖ్య ఒక నిబంధన పెట్టింది. ఏ సంఘం పరిధి అయినా రాజకీయ సరిహద్దుల దగ్గరే ఆగాలని దాని సారాంశం. ఉత్తర ప్రాంతాన్ని వదులుకుంటే అంతర్జాతీయ పోటీల్లో ఉంటారు, లేకపోతే లేదు. సంఘం ఒప్పుకోలేదు. 1935లో దానిపై వేటు పడింది. బెర్లిన్‌కి ఐర్లండు జట్టే వెళ్ళలేదు. పాట్ ప్రేక్షకుడిగా వెళ్ళి చూసొచ్చాడు. జర్మనీకి చెందిన కార్ల్ హైన్ 56.49 మీటర్లతో స్వర్ణం గెలిచాడు.

మరుసటి ఏడు, 1937 ఆగస్టులో, కార్క్ కౌంటీలోని ఫెర్మోయ్ అనే చిన్న ఊళ్ళో కౌంటీ స్థాయి పోటీలు జరిగాయి. పెద్ద స్టేడియం కాదు, పెద్ద జనమూ కాదు. పాట్ వలయంలోకి దిగి విసిరాడు. కొలిచి చూస్తే 195 అడుగుల 4 అంగుళాల పైచిలుకు. అంటే 59.56 మీటర్లు! పైన గుర్తుపెట్టుకోమన్న పాట్ రయన్ రికార్డు 57.77. ఇరవైనాలుగేళ్ళుగా ఎవరూ ముట్టుకోలేని దాన్ని దాదాపు ఆరడుగుల తేడాతో దాటేశాడు.

ఆ విసురుని ప్రపంచం లెక్కలోకి తీసుకోలేదు. వేటు పడిన సంఘం నడిపిన పోటీ కాబట్టి అంతర్జాతీయ సమాఖ్యకి అది జరగనట్టే లెక్క. మరుసటి ఏడు, 1938లో, జర్మనీకి చెందిన ఎర్విన్ బ్లాస్క్ 59.00 మీటర్లు విసిరితే రయన్ రికార్డు బద్దలైందని పుస్తకాల్లో రాసుకున్నారు. పాట్ దూరం దానికన్నా 56 సెంటీమీటర్లు ఎక్కువే. ఫెర్మోయ్ మైదానంలో గుండు పడ్డచోట గుంట మాత్రం నిజం.

ఆయనకి దారి మూసుకుపోలేదు. సరిహద్దుని ఒప్పుకుని అంతర్జాతీయ గుర్తింపు పొందిన కొత్త సంఘం 1937లోనే ఏర్పడింది. అందులోకి మారితే మళ్ళీ ప్రపంచ వేదిక దొరికేది. ఆయన మారలేదు. పాత సంఘంతోనే ఉండిపోయాడు. ఆ నిర్ణయంతోనే ఆయన అంతర్జాతీయ జీవితం ముగిసిపోయింది. ఆ పట్టుదల సరైనదా, మొండితనమా అని ఐర్లండులో చాలాకాలం వాదించుకున్నారు. ఎవరు ఏమన్నా ఒక్కటి మాత్రం కాదనలేం. జెండా ఎగిరినందుకు సంతోషించిన మనిషి ఆ జెండా విషయంలో తను నమ్మినదానికి ఖరీదు కూడా తనే కట్టాడు.

క్లాన్‌మెల్ డాక్టరు

ఆ తరువాత అమెరికా వెళ్ళినప్పుడు హాలీవుడ్ వాళ్ళు టార్జాన్ వేషం వెయ్యమన్నారని, కాదన్నాడని ఒక కథ ప్రచారంలో ఉంది. కథ ఎంతవరకు నిజమో గాని ఆయన క్లాన్‌మెల్ తిరిగొచ్చి డాక్టరుగానే ఉండిపోయాడన్నది నిజం. 1984లో విరమించేదాకా అక్కడే వైద్యం చేశాడు. ఒలింపిక్ వీరుడి దగ్గరికి జ్వరం, దగ్గు, కాలు బెణుకుతో ఊరివాళ్ళు వెళ్ళేవాళ్ళు. ఊళ్ళో కుర్రాళ్ళ గేలిక్ ఫుట్‌బాల్ జట్టుకి అండగా ఉండేవాడు. 1984లోనే క్లాన్‌మెల్ పట్టణం ఆయన్ని గౌరవ పౌరుడిగా సత్కరించింది. 1991 డిసెంబరు 1న ఆయన కన్నుమూశాడు. ఆయన పుట్టిన పల్లె దగ్గర బాంటీర్ గ్రామంలో ఆయన విగ్రహం నిలబెట్టారు.

ఆ 1932 తరువాత ఐర్లండుకి మళ్ళీ ఒలింపిక్ స్వర్ణం రావడానికి 1956లో మెల్‌బోర్న్‌లో రానీ డెలానీ దాకా ఆగాల్సి వచ్చింది. ఒక ఒలింపిక్స్‌లో గెలిచిన స్వర్ణాన్ని మరుసటి ఒలింపిక్స్‌లో నిలబెట్టుకున్న ఐరిష్ క్రీడాకారులు మళ్ళీ కనిపించింది 2024లో పారిస్‌లోనే. ఈ మధ్యకాలంలో ఆట చాలా ముందుకెళ్ళింది. 1986లో సోవియట్ యూనియన్‌కి చెందిన యూరీ సెదిఖ్ 86.74 మీటర్లు విసిరాడు. ఆ పక్కన 59.56 చిన్నదిగానే కనిపిస్తుంది. కాని పొలంలో సాధన చేసి, రోగుల్ని చూసుకుంటూ, సొంతంగా బిగించిన తీగతో నేర్చుకున్న మనిషి విసురది.

ఫ్లానగన్‌లూ మెగ్రాత్‌లూ తప్పు చేశారా అంటే లేదు. కడుపు చేతబట్టుకుని వెళ్ళినవాడు తనకి కూడు పెట్టిన దేశానికి పతకం తెచ్చిపెడితే అది కృతజ్ఞతే. అల్ సైఫీ ఖతార్‌కి విసిరినా అంతే. పైగా ఫ్లానగన్ తిరిగొచ్చి నేర్పకపోతే పాట్ ఓకాలహన్ ఎక్కడుండేవాడు? వెళ్ళినవాళ్ళూ, వెనక్కి వచ్చినవాళ్ళూ, కదలకుండా ఉన్నవాళ్ళూ, ముగ్గురూ కలిస్తేనే ఆ జెండా ఎగిరింది.

మనలో కొందరం తిరిగి వెళతాం, కొందరం వెళ్ళలేం. ఎక్కడున్నా మనం నేర్చిన విద్యలో పిసరంత మన ఊరి కుర్రాడికి అందిస్తే ఏదో ఒక రోజు వాడి గుండు మనకన్నా దూరం పడుతుంది. ఈసారి స్పోర్ట్ సిటీ వైపు వెళ్ళినప్పుడు పిల్లలకి ఖలీఫా స్టేడియం చూపించి ఈ డాక్టరు గారి కథ చెప్పండి. సుత్తి అంటే కమెడియన్ పేరే కాదని వాళ్ళకీ తెలియాలి కదా!